గంప మీద షేర్వానీ

యుద్ధం ముగిసిందని పట్నం నుంచి కబురు వచ్చిన వారమది. సిద్దిపేటలో వాన మాత్రం ముగియలేదు. ఆరు రోజులుగా ఏ ఇంటి దండెం మీదా ఒక్క గుడ్డ ఆరలేదు. ఏడో రోజు పొద్దున ఊరంతా తడి బట్టలు పిండుకుంటుంటే లక్ష్మీరాజం ఒక్కడే నిశ్చింతగా ఉన్నాడు. ఆయన దగ్గర బట్టలారబెట్టే యంత్రం ఉంది.

యంత్రమంటే బొగ్గుల కుంపటి, దాని మీద బోర్లించిన వెదురు గంప, గంప మీద పరిచిన తడి బట్ట. చంటిపిల్లలున్న ప్రతి ఇంట్లోనూ అది ఉండేదే. అయినా లక్ష్మీరాజం దాన్ని తానే కనిపెట్టినట్టు చెప్పుకొనేవాడు. వకీలు దగ్గర పదకొండేళ్లుగా గుమాస్తా. ఇతరుల సొత్తును తమదని వాదించడం ఆయనకు కొత్త కాదు.

ఆ పొద్దున గంప మీద ఉన్న నల్ల ఉన్ని షేర్వానీ కూడా అలాంటి సొత్తే. పదకొండు గంటలకు ఆయన డాక్ బంగ్లాకు పోయి, ఊళ్ల తనిఖీకి దౌరా మీద వచ్చిన, కల్లు సారాల మీద అధికారి అయిన ఆబ్కారీ సాహెబుకు సర్కారు నౌకరీ కోసం అర్జీ ఇవ్వాలి. వకీలు పెద్దవాడై పని మానుకుంటున్నాడు. ఈ నౌకరీ దొరక్కపోతే మామగారి కిరాణా దుకాణంలో కూర్చుని పొట్లాలు కట్టాల్సిందే. షేర్వానీ లేనివాడి అర్జీ సాహెబులు చూడరని వకీలే చెప్పాడు. పక్కింటి దర్జీ బాబా మియా, ఇది తన బావమరిదిదని చెప్పి, ఒక్క పూటకు ఇచ్చాడు. జాగ్రత్తగా మడిచి ఇంట్లో పెట్టుకోమన్నాడు. లక్ష్మీరాజం అప్పటికప్పుడే తొడుక్కుని, వానలో బజారంతా తిరిగి వకీలుకు చూపించి వచ్చాడు.

ఇప్పుడు ముందు గదిలో కూర్చుని సలాం ఎంత వంగి చేయాలో చూసుకుంటున్నాడు. భార్య ప్రమీలాదేవి వంటింట్లో నుంచి వచ్చింది.

"ఏందో కాలిన వాసనస్తుంది. గంప జర చూడున్రి."

ఉన్ని ఆరేటప్పుడు అలాంటి వాసనే వస్తుందనీ, ఆడవాళ్లకు ఈ సంగతులు తెలియవనీ లక్ష్మీరాజం ఓపికగా బోధించాడు. ఆమె వెళ్లిపోయింది. కాసేపటికి తిరిగి వచ్చి పొగ కూడా వస్తోందని చెప్పింది. పొగ కాదు, ఆవిరి అన్నాడు ఆయన. మూడోసారి ఆమె లోపలికే రాలేదు. వాకిట్లో నిలబడి దగ్గుతూ ఉండిపోయింది. అప్పుడు లేచి వెళ్లి చూశాడు. షేర్వానీ వెనక భాగంలో, సరిగ్గా కూర్చునే చోట, జొన్న రొట్టెంత చిల్లు. చిల్లు అంచున ఎర్రటి నిప్పు ఇంకా పాకుతోంది.

చెంబెడు నీళ్లు పోసి ఆర్పాడు. అదే సమయానికి గోడ అవతల నుంచి బాబా మియా గొంతు వినిపించింది.

"లక్ష్మీరాజం సాబ్, ఏదో కాల్తున్నట్టుంది. మీ ఇంట్లనేనా?"

నిజం చెప్పడానికి అది మంచి అవకాశం. లక్ష్మీరాజం దాన్ని వదులుకున్నాడు.

"మా ఇంట్ల కాదు మియా. మీ దుకాణంలకెల్లే వస్తుంది."

దర్జీ దుకాణంలో బొగ్గుల ఇస్త్రీపెట్టె పొద్దున్నించీ రగులుతూనే ఉంటుంది. అందుకే బాబా మియా వెంటనే నమ్మాడు. గోడ పక్క నుంచి దబదబా చప్పుళ్లు వినిపించాయి. కుట్టడానికి వచ్చిన బట్టల మూటలన్నీ ఆయన ఒక్కొక్కటే తెచ్చి వానలో వేశాడు. ఆయన భార్య కుల్సుం కుట్టు మిషన్ను భుజాన మోసుకొచ్చింది. అది చూసి వీధిలో నలుగురూ చేరారు.

ఎదురింటి లచ్చవ్వ ముక్కు చాలా నిజాయితీ గలది. అది దర్జీ దుకాణం వైపు తిరగలేదు. లక్ష్మీరాజం ఇంటి వైపే తిరిగి, మెల్లగా గడప దాకా వచ్చింది. ఇక లాభం లేదని లక్ష్మీరాజం వీధిలోకి దూకి, దర్జీ ఇంటి పెంకుల సందులో పొగ లేవడం తన కళ్లతో చూశానని చెప్పాడు. మాట నిలబెట్టుకోవడానికి నిచ్చెన తెప్పించి, తానే పైకెక్కి, పెంకులు తొలగించి మొదటి బిందె నీళ్లు కుమ్మరించాడు. కింద నుంచి అదే వీధిలో ఉండే అంజన్న బిందెలు అందించాడు. వారం రోజులుగా నానుతున్న ఇంటిని ఇరవై బిందెల నీళ్లతో కాపాడారు. మంట ఎక్కడా కనిపించలేదు. అది లక్ష్మీరాజం చురుకుదనమేనని అందరూ ఒప్పుకున్నారు.

తడిసి ముద్దయి ఇంట్లోకి వచ్చి, షేర్వానీ దాచమని భార్యకు చెప్పాడు.

"అంగీ దాస్త. వాసనెట్ల దాసుడు?" అంది ప్రమీలాదేవి.

దానికి జవాబు వెతుకుతుండగానే గొడుగు పట్టుకుని ఒక చప్రాసీ వీధిలోకి వచ్చాడు. పేరు షౌకత్, డాక్ బంగ్లా నుంచి వచ్చాడు. వానలో మూటల మధ్య నిలబడ్డ బాబా మియాతో ఏదో మాట్లాడాడు. బాబా మియా ముఖం పాలిపోయింది. చప్రాసీని అక్కడే ఉండమని, తాను చుట్టూ తిరిగి పెరటి తలుపు గుండా లక్ష్మీరాజం ఇంట్లోకి వచ్చాడు.

"గా షేర్వానీ ఇయ్యున్రి, జల్ది. అది మా బావమరిదిది కాదు."

"మరెవరిది?"

"ఆబ్కారీ సాబుది. గుండీలు కుట్టమని నిన్న పంపిండు."

లక్ష్మీరాజం గోడకు ఆనుకున్నాడు. పదకొండింటికి తాను ఎవరి ముందు ఎవరి షేర్వానీ తొడుక్కుని వంగి సలాం చేయబోయాడో ఆయన కళ్లకు కట్టింది.  షేర్వానీ తెచ్చి పరిచాడు.

బాబా మియా తిట్టలేదు. చిల్లులోకి చేయి దూర్చి, అవతలికి వచ్చిన తన వేళ్లను చాలాసేపు చూసుకున్నాడు. వానలో తడుస్తున్న మూటలు, పెంకులు లేని కప్పు ఆయనకు గుర్తొచ్చినట్టున్నాయి.

"నా దుకాణంల నిప్పు అంటుకున్నదా, లేదా?" అన్నాడు చివరికి.

లక్ష్మీరాజం తల దించుకున్నాడు. "అంటుకున్నది."

"ఎవరు చూసిన్రు?"

"నేనే."

"మల్ల గంతే. సాబు దగ్గర గదే చెప్పున్రి. నా కప్పు ఎల్లుండి లోపల మీరే కప్పియ్యాలె."

ఇద్దరూ చప్రాసీ వెంట డాక్ బంగ్లాకు నడిచారు. సాహెబు శాలువా కప్పుకుని వణుకుతున్నాడు. చిల్లు చూడగానే ఆయన కళ్లెర్రబడ్డాయి. బాబా మియా ఉర్దూలో ఏడుస్తూ అగ్నిప్రమాదం వర్ణించాడు. అంతా నిజమేనని, కప్పు మీద తాను కూడా ఇంత ఎత్తు మంట చూశానని, అంతా అయ్యాక గొడుగుతో వీధిలోకి వచ్చిన షౌకత్ చేతులు చాచి చూపించాడు. సాహెబు కోపం దిగి జాలిలోకి వచ్చింది. నిప్పును ముందుగా పసిగట్టింది ఎవరని అడిగాడు.

బాబా మియా లక్ష్మీరాజాన్ని ముందుకు నెట్టాడు. గోడ అవతల కూర్చుని, అంత వానలో, దుకాణంలో ఉన్న తనకంటే ముందే వాసన పట్టాడని చెప్పాడు. సాహెబు కుర్చీలో ముందుకు జరిగాడు. దొంగసారా బట్టీలు పట్టుకోమని పంపితే, బట్టీలో కాలు పడేదాకా వాసన తెలియని సిబ్బందితో తాను ఎన్నాళ్లుగానో వేగుతున్నానన్నాడు. లక్ష్మీరాజం జేబులోంచి తీసి ఇచ్చిన, నానిపోయిన అర్జీని ఆయన చదవలేదు. చదవడానికి అందులో అక్షరాలు మిగల్లేదు. అయినా దాని మీదే సంతకం పెట్టాడు.

లక్ష్మీరాజం వాసన పట్టే కొలువులో చేరాడు. మొదటి మూడు నెలల్లో ఆయనకు ఒక్క బట్టీ కూడా దొరకలేదు. తాలూకాలో దొంగసారా పూర్తిగా మాయమైందని పైకి రిపోర్టు పోయింది, సాహెబు తరక్కీ మీద ఒక మెట్టు పై కొలువుకు ఎక్కాడు.