వెలిసిపోయే ఫోటోకి జై!

ఫోటో ప్రింటు తీయించేటప్పుడు ‘ఈ కాగితం ఎన్నాళ్లుంటుంది?’ అని అడిగేవాళ్లను చూస్తే నాకు ఒళ్లు మంట. ఎందుకండీ ఉండటం? మనిషికన్నా మనిషి బొమ్మ ఎక్కువ కాలం బతకాలనుకోవడం అత్యాశ కాక మరేమిటి? నన్నడిగితే, గోడకెక్కించిన కొన్నాళ్లకే వెలిసిపోయే ఇంక్‌జెట్ ఫోటోను మించిన వరం లేదు!

నవ్వకండి. మా హాల్లోకి వచ్చి చూడండి. మా అక్కాబావల పెళ్లి ఫోటో ఉంది. అందులో పెళ్లికొడుకు, పెళ్లికూతురు, వెనకాల మెడలు సాచి నిలబడ్డ చుట్టాలు, అందరూ ఇప్పుడు ఒకే ఆకుపచ్చ రంగులో ఉన్నారు. నీళ్ల ట్యాంకులో దిగి తీయించుకున్నట్టుంది. ఎవరు తెలుపు, ఎవరు నలుపు అన్న పట్టింపే లేదు. ఇంతటి సమానత్వం ఏ ప్రభుత్వం తేగలిగింది?

దాని పక్కన మా పెదనాన్న. ఒకప్పుడు ఆ ఫోటోలోంచి ఉరిమి చూస్తుంటే మేం అటువైపు కుర్చీ వేసుకునేవాళ్లం కాదు. కిటికీ ఎండ పుణ్యమా అని ఇప్పుడు ఆయనకు కళ్లు లేవు, మీసం ఒక్కటే మిగిలింది. ఉత్త మీసానికి ఎవరు భయపడతారు చెప్పండి!

మా ఎదురింటి కెమెరా మాస్టారు మాత్రం ఈ సుఖానికి నోచుకోలేదు. ఆయనకు ఆసిడ్ లేని కాటన్ కాగితం కావాలి, ఎండకు వెలవని పిగ్మెంట్ ఇంక్ కావాలి, పైన అద్దం కావాలి. ఏం బావుకున్నారు? గోడమీద నిండు జుట్టుతో ఆయనే నవ్వుతుంటే, కింద బట్టతలతో ఆయనే కూర్చుని కాఫీ తాగాలి. రోజూ! నా ఫోటో అలా కాదు. నాతోపాటే పోతోంది. స్నేహమంటే అదీ.

కాగితం ఎంచుకోవడానికి మా ఇంట్లో ఒక పద్ధతి ఉంది. వేలితో రుద్దాలి. సర్రున జారితే మంచి కాగితం. అందులో మన ముఖం కనిపిస్తే ఇంకా మంచి కాగితం. ఈ పద్ధతిలోనే మా అక్క వేసిన బొమ్మకు ప్రింటు తీయించాం.

మా అక్క బొమ్మలు వేసేది. ఇప్పుడు చేతులు వణుకుతాయి, వేయలేకపోతోంది. ఆమె వేసినవాటిలో అందరం మెచ్చుకున్నది అమ్మ బొమ్మ. కిటికీ దగ్గర కూర్చుని ఉంటుంది, భుజాల మీద ఎర్ర శాలువా. దాన్ని ఒక ఆఫీసువాళ్లు ముచ్చటపడి తీసుకెళ్లారు. తర్వాత రిసెప్షన్ బాగుచేయించినప్పుడు, పాత కుర్చీలతోపాటు ఎటో పంపేశారు. అంతకుముందు ఆ బొమ్మను ఫోటో తీసిన ఫోను కూడా ఎప్పుడో కన్నుమూసింది. మాకు మిగిలింది ఆ ప్రింటు ఒక్కటే.

ఆ రోజు షాపులో అమ్మాయి రెండు కాగితాలు ముందు పెట్టింది. ఒకటి తళతళలాడుతోంది. రెండోది మందంగా, మెరుపు లేకుండా ఉంది.

“ఇది బావుందిరా” అంది అక్క, ఆ రెండోదాన్ని నిమురుతూ.

“ఇదేంటి, సున్నం కొట్టిన గోడలా ఉంది!” అన్నాడు బావ. “ఆ మెరిసేది వేయమ్మా. అట్టపెట్టె మీద వందేళ్ల గ్యారంటీ అని కూడా ఉంది.”

ఇంటిల్లిపాదీ రుద్దాం. సర్రున జారింది. అక్క తను నిమిరిన కాగితాన్ని పక్కన పెట్టేసింది.

బొమ్మ పాలిపోవడం మొదలయ్యాక మళ్లీ ఆ షాపుకి వెళ్లాను. గ్యారంటీ గుర్తుచేశాను.

“అది చీకట్లో ఉంచితేనండి” అంది ఆ అమ్మాయి. “ఆల్బమ్‌లో పెట్టి మూసేయాలి. గాలీ వెలుతురూ తగలకూడదు.”

“అంటే, ఎవరూ చూడకపోతే వందేళ్లు ఉంటుందన్నమాట?”

“అంతేనండి!”

ఆహా, ఏం టెక్నాలజీ! చూడకూడని ఫోటో! తాగకూడని మంచినీళ్లు, వినకూడని రేడియో కూడా త్వరలో వస్తాయని ఆశిద్దాం.

మొన్న సాయంత్రం అక్క ఆ బొమ్మ ముందు చాలాసేపు నిలబడింది.

“ఒరేయ్, అమ్మకి ఎర్ర శాలువా వేశాననుకున్నానురా ఇన్నాళ్లూ. ఈ లేత పసుపే వేశానేమో.”

“ఎర్రదే అక్కా. నేను చూశానుగా!”

“మరి ఇందులో ఏదిరా?”

“కాగితం పాడైందక్కా. రంగు పోయింది.”

“నన్ను ఓదార్చకురా” అంది నవ్వుతూ. “ఈ మధ్య నాకు అన్నీ కలగాపులగం అవుతున్నాయి. ఎరుపు వేసి ఉండను.”

చూశారా మెరిసే కాగితం చేసే మేలు! అక్క చేతులు వణికితే వణికాయి, తను వేసిన బొమ్మ తనకు గుర్తుందన్న ధీమా అయినా ఉండేది. ఇప్పుడు అదీ లేదు. సాక్ష్యం ఎదురుగా గోడమీదే వేలాడుతుంటే నా మాట ఎవరు నమ్ముతారు?

కాబట్టి పాఠకులారా, మీరు ఏ కాగితమైనా కొనుక్కోండి, రుద్దుకోండి, మీ ఇష్టం. నాకు మాత్రం ఒక్క ఉపకారం చేయండి. మా అమ్మ శాలువా ఎర్రది. మా అక్క ఎరుపే వేసింది. ఈ కాలమ్ అచ్చయ్యే కాగితం మీద కూడా నాకు పెద్దగా నమ్మకం లేదు. దయచేసి మీరంతా గుర్తుపెట్టుకోండి.