మా ఇంటి కింది జిమ్

ఇల్లు అద్దెకు వెతికేవాళ్లకు నేనిచ్చే సలహా ఒక్కటే. సెల్లార్‌లో బాక్సింగ్ జిమ్ ఉన్న ఇల్లు చూసుకోండి. నవ్వకండి!

ఉత్తర ఫిలడెల్ఫియాలో పాతికేళ్లుగా అలాంటి ఇంట్లోనే ఉన్నాను. గడియారం కొనలేదు. తెల్లారేసరికి కింద ఇసుక సంచిని గుద్దడం మొదలవుతుంది, అల్మారాలో పళ్లేలు లేచి కూర్చుంటాయి. జలుబు ఎరగను, కింద బాక్సర్లు ఒంటికి రాసుకునే తైలం ఘాటు పైదాకా వస్తుంది. ఒకసారి దొంగొకడు నా పర్సు లాక్కుని మా మెట్ల మీదుగా పారిపోబోయాడు. ఎదురుగా నలుగురు హెవీవెయిట్ బాక్సర్లు పైకి వస్తున్నారు. పాపం, పర్సుతోపాటు తన టోపీ కూడా ఇచ్చి వెళ్లాడు!

హెవీవెయిట్లకు ఇది స్వర్ణయుగమని పేపర్లు రాస్తున్నాయి. ఆ బంగారం చూడాలంటే స్టేడియంలో టికెట్ కొనాలి. మా దగ్గర ఉచితం! పేరుకు సాధనే గానీ, శనివారం మా జిమ్‌లో ఇద్దరు స్నేహితులు తలకు దెబ్బ తగలకుండా పెట్టుకునే హెడ్‌గార్డు కూడా లేకుండా, ఒకరు పడిపోయేదాకా కొట్టుకుంటారు. వీధంతా వచ్చి చూస్తుంది. ఆదివారం చర్చి అయ్యాక ఆ ఇద్దరే ఒకే బల్ల దగ్గర వేయించిన చేపలు తింటారు. ఇంత స్నేహం ఇంకెక్కడుంది?

మా ఆయన అమోస్ కూడా హెవీవెయిటే. ఆ శనివారాలు ఆయనకు ఎంత మేలు చేశాయో! పోయే ముందు రెండేళ్లు, పొద్దున్నే నన్ను చూసి, "మీ పేరేంటండీ? పెళ్లయిందా?" అని సిగ్గుపడుతూ అడిగేవారు. ఏ ఆడదానికి రోజూ పెళ్లిచూపులు జరుగుతాయి, చెప్పండి?

మొన్న కోచ్ హోలిస్ పైకి వచ్చాడు. నా కొడుకు డెల్విన్ కూడా ఆ జిమ్‌లోనే సాధన చేస్తాడు. శనివారం వాణ్ని ప్రపంచ ర్యాంకు ఉన్నవాడితో పోటీకి దింపుతున్నానన్నాడు.

"హెడ్‌గార్డు పెడతావు కదా?" అన్నాను.

"భలేదానివి వదినా. అది పెట్టుకుంటే ఈ వీధిలో తలెత్తుకు తిరగగలడా? అమోస్ కొడుకు."

"అమోస్ కొడుకే. కాఫీ తాగి వెళ్లు."

శనివారం జనం మెట్లదాకా నిండారు. గంట మోగింది. మోగగానే కరెంటు పోయింది. సెల్లార్‌కు కిటికీల్లేవు. చీకట్లో ఎవరు ఎవరిని కొడతారు? కాసేపు తిట్టుకుని అందరూ ఇళ్లకు పోయారు.

డెల్విన్ వచ్చి వంటింటి గుమ్మంలో నిలబడ్డాడు.

"అమ్మా, ఆ ఫ్యూజు ఇటియ్యి."

ఏ ఫ్యూజని అడిగాను.

"నీ జేబులోది."

అమ్మా అన్నాడు. నేనెవరో వాడికి తెలుసు. నాకది చాలు. ఫ్యూజు మాత్రం ఇవ్వలేదు.

కాబట్టి నా మాట వినండి, కింద జిమ్ ఉన్న ఇల్లే తీసుకోండి. కాకపోతే, దాని ఫ్యూజు పెట్టె మీ వంటింట్లో ఉందో లేదో చూసుకుని మరీ దిగండి.