పారమ్మ వెలుగు

వినాల్సినవాళ్లు వినని మాట వెలుగవుతుందని రుజువయ్యాక రెల్లివలస పట్టణంలో కరెంటు స్తంభాలు పీకేశారు.

సిద్ధాంతం చిన్నది. శబ్దమూ కాంతీ ఒకే పదార్థం. మాట ఎవరితో అన్నామో వాళ్ల చెవిలో పడితే అక్కడితో ఖర్చయిపోతుంది. ఆ చెవి తీసుకోకపోతే దగ్గర్లో ఉన్న గోడకు అంటుకుని వెలుగుగా నిలిచిపోతుంది. ఆ వెలుగుకు చెవి ఆనించి ఓపిగ్గా వింటే అది మళ్లీ మాటై, వినబడి, ఆరిపోతుంది. దీన్ని కనిపెట్టింది ఒక సైన్సు మాస్టారు. ముప్పై ఏళ్లు పాఠం చెప్పిన గదిలో ఒక్కరోజూ దీపం అవసరం పడకపోవడం ఆయన్ని ఆలోచనలో పడేసింది.

ప్రభుత్వం వెలుగు శాఖను పెట్టింది. సోమవారం అర్జీల రోజు. ఆ రోజు ఆఫీసు గోడలకు పట్టిన వెలుగునే సీసాల్లో నింపి వీధులకూ ఆస్పత్రికీ పంపుతారు. అధికారులకు స్టోరు నుంచి మనిషికి రెండు దూది ఉండలు ఇచ్చి రిజిస్టరులో సంతకం తీసుకుంటారు. అర్జీ నోటితోనే చెప్పాలి. కాగితం మీద రాసింది వెలగదు. కొత్తగా వచ్చిన తహసీల్దారు ఒకాయన దూది మరిచిపోయి ఇద్దరు ముసలమ్మల గోడు విన్నాడు. ఆ సాయంత్రం ఆస్పత్రిలో రెండు వార్డులు చీకటయ్యాయి. ఆయన్ని బదిలీ చేశారు.

ఇళ్లలో వెలుగు ఇంటివాళ్లదే. సంబంధం చూడ్డానికి వచ్చినవాళ్లు ముందు వంటగదిలోకి తొంగిచూస్తారు. అక్కడ వెలుగు దండిగా ఉంటే కాపురం నిండుగా ఉందనుకుని పిల్లనిస్తారు. సిద్ధాంతం తెలిసినవాళ్లూ అలాగే చేస్తారు.

నూతి వీధిలో అన్నిటికంటే వెలుగున్నది దాలినాయుడి వంటగది. అతని భార్య పారమ్మ ముప్పై ఒక్క ఏళ్లు అందులో వండింది. ఆ వెలుగును దాలినాయుడు వచ్చినవాళ్లకు పిలిచి చూపించేవాడు. కిందటేడు పారమ్మ గుండె ఆగి చనిపోయింది. వెలుగు తగ్గలేదు.

చనిపోయినవారి వెలుగును ఏడాదిలోపు ఎవరూ వినకపోతే అది శాఖకు చెందుతుంది. వినాలంటే అనుమతి కావాలి. విన్నంత మేరా చీకటవుతుంది, వంట చేసుకోవాలి కదా అని దాలినాయుడు వాయిదా వేస్తూ వచ్చాడు. బుధవారం సిబ్బంది వస్తారని నోటీసు అంటించాక, సోమవారం వెళ్లి వరసలో నిలబడ్డాడు.

"బావూ, మా ఇంటిదాని మాట ఒక్కపాలి ఇంటాను. బతికున్నప్పుడు ఇన్నేదు. అనుమతియ్యండి," అన్నాడు.

శాఖ ఇంజనీరు శ్రీమన్నారాయణ చెవుల్లో దూదితో మర్యాదగా తల ఊపాడు. ఆయన నెత్తి మీద వెలుగు పెరిగింది.

వెనక నిలబడ్డ కూరగాయల నీలమ్మ ఊరుకోలేదు. "ముప్పై ఏళ్లు పక్కనే ఉన్నాది గదా మావా. అప్పుడేటి సేసినావు?"

"పనుండీది."

"మాకు నేదేటి పని? బేగి ముగించు. నీ ఎలుగుకి నా కళ్లంట నీళ్లు కారతన్నాయి. ఏడుపనుకునీవు."

గుమాస్తా చీటీ మీద 'విన్నాం' అని ముద్ర వేసి ఇచ్చాడు. ఆ ముద్రే అనుమతి.

మంగళవారం పొద్దున దాలినాయుడు పొయ్యి పక్క గోడకు చెవి ఆనించాడు. చాలాసేపటికి పారమ్మ గొంతు వచ్చింది.

"ఉప్పు సరిపోయిందేటి?"

గోడ మీద అరచేతంత చీకటి పడింది. పక్కకు జరిగాడు. అక్కడా ఉప్పే. మధ్యాహ్నం దాకా ఉప్పు గురించే విన్నాడు. తర్వాత రోలు దగ్గర వంగి విన్నాడు.

"రొమ్ములో పట్టీసినట్టుంది. ఆస్పత్రికి ఎల్దామేటి?"

ఆమె చనిపోయిన వారంలో అన్న మాట అనుకున్నాడు. జానెడు జరిగాడు.

"మొన్న సెప్పినాను గదా, రొమ్ములో పట్టీస్తందని. ఇంకా తగ్గనేదు."

ఇంకో జానెడు జరిగాడు.

"పోన్లే. నీకు పనుంటాది."

దాలినాయుడు గోడ మీంచి చెవి తీసేశాడు.

బుధవారం ఇంజనీరు గాజు సీసాలతో, ఇద్దరు మనుషులతో వచ్చాడు. ఇళ్ల దగ్గర దూది ఒక చెవికే పెట్టుకోవాలని నిబంధన. ఆయన గోడ చూసి ఆగాడు.

"ఎవరో విన్నట్టున్నారే?"

"నానే."

"అయితే మేం ముట్టుకోకూడదండి. వినే మనిషి ఉంటే వెలుగు ఇంట్లోనే ఉండాలి. ఎన్నేళ్లయినా సరే. మిగతాది ఎప్పుడు వింటారు? రాసుకోవాలి."

దాలినాయుడు చుట్టూ చూశాడు. మూడు గోడలు, అటక, తలుపు వెనక భాగం ఇంకా నిండుగా వెలుగుతున్నాయి.

"ఇనీవోలు ఎవులూ నేరు. పట్టుకెళిపొండి," అన్నాడు.

ఆ మాట ఇంజనీరు విన్నాడు. అందుకే గదిలో వెలుగేమీ పెరగలేదు. సాయంత్రానికి పని పూర్తయింది. దాలినాయుడు రసీదు మీద వేలిముద్ర వేశాడు.

పారమ్మ వెలుగును కూరగాయల బజారు మధ్యలో వేలాడదీశారు. ఏడు దుకాణాలకు సరిపోతోంది. దాలినాయుడు అక్కడే వంకాయలు ఏరుకుంటాడు. పుచ్చులు బాగా కనబడుతున్నాయని నీలమ్మతో అన్నాడు. సంచులు మోస్తున్న ఆడవాళ్లు ఆ దీపం కింద కాసేపు ఆగి, ముందు నడిచిపోతున్న భర్తలకు ఏదో చెబుతుంటారు. వాడకం వల్ల వెలుగు నెలనెలా కొంత తగ్గాలని శాఖ అంచనా.

ఇంతవరకు తగ్గలేదు.