గెలవకముందే కట్టిన ఫ్లెక్సీ

శుక్రవారం పొద్దున సొలొమోను మాస్టారు పెట్టుకున్న పని ఒక్కటే. పిల్లల చేత గ్రౌండ్‌లో సున్నం గీతలు వేయించి, ఇంటికెళ్ళి భార్య శాలిని పోసే పెసరట్లు వేడివేడిగా తినాలి. చల్లపల్లి రోడ్డు మీదున్న కాలేజీలో ఆయన ఆటల మాస్టారు. ఈ ఏడే అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు పెట్టాడు. కోడిగుడ్డులాంటి బంతిని చంకలో పెట్టుకుని అవతలి గీత దాటితే ఆరు పాయింట్లు. వినడానికి ఎంత తేలికో చూడండి. జట్టులో అందరూ కబడ్డీ ఆడిన పిల్లలే కావడంతో, బంతి ఎవరి దగ్గరుందో చూడకుండా దగ్గర్లో కనబడ్డ కాలు పట్టేసుకునేవారు. ఒకసారి రిఫరీ కాలు కూడా పట్టుకున్నారు. అయిదు మ్యాచ్‌లు ఆడి అయిదూ ఓడారు. ఒక్కసారైనా ఆ గీత దాటిన పాపాన పోలేదు.

ఆఖరి మ్యాచ్ శనివారం. "అదీ పోతే గ్రౌండ్‌లో కాలేజీ బస్సులు పెట్టిస్తా" అని ఛైర్మన్ వెంకటకృష్ణారావు గారు తేల్చి చెప్పేశారు.

గీతలు సగం పడ్డాయో లేదో కెప్టెన్ కిరీటి వాళ్ళ నాన్న బసవయ్య ఫోన్ చేసి, సెంటర్‌కి రమ్మన్నాడు. వెళ్ళి చూస్తే ఇరవై అడుగుల ఫ్లెక్సీ. "అమెరికన్ ఫుట్‌బాల్ ఛాంపియన్లకు హార్దిక శుభాకాంక్షలు." హెల్మెట్‌లో కిరీటి, పక్కన సొలొమోను పెళ్ళినాటి ఫోటో. అది శాలినే ఇచ్చిందట.

"బసవయ్య గారూ, ఆట రేపు కదండీ."

"రేపు గెలిచాక గవర్నర్‌పేట వెళ్ళి కొట్టించుకొచ్చేసరికి ఎల్లుండి అవుద్ది. పెళ్ళిళ్ళ సీజను మాస్టారూ, అప్పటిదాకా స్తంభాలు ఖాళీగా ఉంటాయా?"

"గెలవకపోతేనండీ?"

"మీరే అలాగంటే పిల్లలేమైపోతారు చెప్పండి."

దింపించేద్దామంటే కట్టినవాళ్ళు నిచ్చెనతో సహా ఇంకో ఊరు వెళ్ళిపోయారు. ఈలోగా ఛైర్మన్ గారి కారు సెంటర్ దాటింది. అయిదు నిమిషాల్లో ఫోన్ వచ్చింది.

"ఏమయ్యా, ఛాంపియన్లయ్యి నాకు చెప్పరా?"

"అది కాదండీ, అసలు..."

"నా ఫోటో లేకుండా ఫ్లెక్సీ ఏంటయ్యా? నేను చూసుకుంటాలే."

ఆయన చూసుకున్నారు. మధ్యాహ్నానికి కాలేజీ గేటు నుంచి సెంటర్ దాకా "ఛాంపియన్ల నిర్మాత" అంటూ ఆయన మొహమే. పిల్లలు ఆయన పాదాల దగ్గర అగ్గిపుల్లలంత ఉన్నారు. అది చూసి ప్రిన్సిపాల్ గారు ఒకటి కట్టించారు. ఊరుకుంటే బాగోదని బస్సు డ్రైవర్లు కూడా ఒకటి కట్టారు. ఛాంపియన్లు ఎలాగూ అయిపోయారు కాబట్టి శనివారం ఆట ఏదో సరదా మ్యాచ్ అనుకుని, అది అవగానే సన్మానం, బ్యాండు, ట్రాక్టర్ మీద ఊరేగింపు అని ఛైర్మన్ ప్రకటించేశారు. సొలొమోను రెండుసార్లు ఆయన గదికి వెళ్ళాడు. రెండుసార్లూ శాలువాతో బయటికొచ్చాడు.

"ఉన్న సంగతి చెప్పేయొచ్చు కదండీ" అంది శాలిని, చల్లారిపోయిన పెసరట్టు ముందు పెడుతూ.

"నోరు తెరిస్తే శాలువా కప్పుతున్నారే. నేనేం చేసేది?"

తన పరువు గురించి ఆయనకు బెంగ లేదు. జట్టులో బాబీ అనే బొద్దు కుర్రాడు ఉయ్యూరు నుంచి రోజూ మొదటి బస్సుకి వచ్చేవాడు, ఒక్కరోజు మానలేదు. గ్రౌండ్ పోతే ఆ పిల్లాడు ఎక్కడ ఆడతాడన్నదే ఆయన బాధ.

శనివారం గుంటూరు జట్టు దిగింది. ఒక్కొక్కడూ మనవాళ్ళిద్దరి పెట్టు. సగం ఆటకే ముప్పైనాలుగు సున్నా. ఆట తెలియని జనం మాత్రం ఎవరు కిందపడ్డా చప్పట్లు కొట్టారు. చివరి నిమిషంలో, స్కోరు నలభై అయ్యాక, గుంటూరువాడి చేతిలో బంతి జారి, ఎగిరెగిరి వచ్చి బాబీ పొట్టకి తగిలింది. వాడు రెండు చేతులతో దాన్ని వాటేసుకుని, అలవాటు కొద్దీ పట్టుకోవడానికి కాలు వెతుక్కుంటున్నాడు.

"కాలు కాదురా, పరిగెత్తు" అని అరిచాడు సొలొమోను.

బాబీ పరిగెత్తాడు. గుక్క తిప్పుకోకుండా "కబడ్డీ కబడ్డీ" అనుకుంటూనే గీత దాటాడు. గీత బయట బసవయ్య కూడా పంచె ఎగ్గట్టి వాడితోపాటే పరిగెత్తాడు. సొలొమోనుకి కళ్ళనీళ్ళు ఆగలేదు. బ్యాండు మోగింది. జనం దండలతో గ్రౌండ్‌లోకి పడి బాబీని ఎత్తేశారు. బోర్డు మీద నలభై, ఆరు అని ఉన్నా, అందులో ఏది ఎవరిదో ఎవరూ అడగలేదు.

స్టేజీ ఎక్కుతూనే సొలొమోను అక్కడున్న శాలువాలన్నీ తీసి దూరంగా పెట్టి, బ్యాండు మోతలో ఛైర్మన్ గారి చెవి దగ్గరికి వంగాడు.

"సార్, ఓడిపోయామండీ. ముందు ఆడిన అయిదూ ఓడాం, ఇదీ ఓడాం. ఛాంపియన్లం కాదు. తప్పు నాది, పిల్లలది కాదు. బస్సులు పెట్టించుకోండి. కానీ బాబీకి మాత్రం ఆ దండ ఉంచండి సార్, ఆ ఆరు పాయింట్లూ నిజమే."

ఛైర్మన్ గారు గేటు వైపు చూశారు. అక్కడి నుంచి ఆయన మొహమే ఆయన్ని చూసి నవ్వుతోంది.

"ఈ సంగతి ఇంకెవరికి తెలుసు?"

"గుంటూరువాళ్ళకి తెలుసండీ."

"వాళ్ళకీ శాలువాలు కప్పి పంపించు."

"మరి బస్సులండీ?"

"ఛాంపియన్ల గ్రౌండ్‌లో బస్సులు పెడితే జనం నవ్వరటయ్యా? బుర్ర ఉండే మాట్లాడుతున్నావా?"

సోమవారం పొద్దున సొలొమోను సున్నం డబ్బాతో గ్రౌండ్‌కి బయల్దేరేసరికి, సెంటర్‌లో బసవయ్య టేపు పట్టుకుని వచ్చే ఏడాది విజయానికి స్తంభాల కొలతలు తీసుకుంటున్నాడు.