వెర్నాకు తెలియకూడదు

పెళ్ళాం దగ్గర రహస్యం దాచాలనుకునేవాడు ముందు ఒక పని చేయాలి. పెళ్ళికి ముందు ఆవిడ ఏం ఉద్యోగం చేసేదో కనుక్కోవాలి. నేను కనుక్కోలేదు. పన్నెండేళ్ళు కాపురం చేసి కూడా కనుక్కోలేదు.

రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో వెర్నా వాషింగ్టన్‌లో, నౌకాదళం వాళ్ళ ఆఫీసులో పనిచేసిందని మాత్రం తెలుసు. "అక్కడ ఏం చేసేదానివి?" అంటే, "పెన్సిళ్ళు చెక్కేదాన్ని, చెత్తబుట్టలు ఖాళీ చేసేదాన్ని" అనేది. వాళ్ళమ్మకూ అదే చెప్పింది. కాలేజీలో లెక్కలకు పతకం తెచ్చుకున్న పిల్లను రైలు టిక్కెట్టు పెట్టి పిలిపించుకుని పెన్సిళ్ళు చెక్కించారా అని నాకు ఒక్కసారైనా అనుమానం రాలేదు. ప్రభుత్వం మీద నాకున్న గౌరవం అలాంటిది.

మాది సరస్సు ఒడ్డున సాండస్కీ అనే చిన్న ఊరు. పడవల రేవుకు పోయే వీధిలో నాకు రంగుల దుకాణం, దాని పైనే ఇల్లు. సరిగ్గా ఎదురుగా డెల్బర్ట్ ఫుల్ట్జ్ మంగలి షాపు. వెర్నా హైస్కూల్లో ఆల్జీబ్రా చెప్పేది. వేసవి సెలవుల్లో దుకాణంలో గల్లాపెట్టె దగ్గర కూర్చునేది. ఒక డబ్బా కోసం వచ్చినవాడు ఆవిణ్ణి చూడగానే చేయని హోంవర్కు గుర్తొచ్చి, తత్తరపాటులో అక్కర్లేని బ్రష్షు కూడా కొనుక్కుపోయేవాడు.

ఆ ఏడాది జూన్‌లో ఆమెకు కడుపునొప్పి పట్టుకుంది. డాక్టర్ పెటిబోన్ ఎక్స్‌రేలు తీయించాడు. తర్వాత నన్నొక్కణ్ణే పిలిచి తలుపు వేశాడు.

"కాన్సర్, ఓరిన్. ఆవిడకు అల్సర్ అని చెబుదాం. నిజం తెలిస్తే ఆడవాళ్ళు తట్టుకోలేరు" అన్నాడు.

ఆ రోజుల్లో డాక్టర్లందరిదీ అదే పద్ధతి. జబ్బు భార్యది, కబురు భర్తది. నేను తలూపి బయటికొచ్చాను. కారులో కూర్చున్నాక తాళంచెవి ఎటు తిప్పాలో కాసేపు గుర్తు రాలేదు.

ఇక్కడ ఒక చిక్కు వచ్చిపడింది. పరీక్షలు పంపిన క్లీవ్‌లాండ్ పెద్దాసుపత్రి నుంచి పెటిబోన్‌కు ఏ కబురొచ్చినా నాకు ఫోన్లో చెప్పాలి. మా ఫోను వెర్నా మోచేతి పక్కనే ఉంటుంది. అందుకని డాక్టరు డెల్బర్ట్ షాపుకు ఫోన్ చేసేట్టు మాట్లాడుకున్నాం. మరి డెల్బర్ట్ నాకెలా చెప్పాలి? వాడి ముఖం గాజు సీసా. లోపల ఎంతుందో వీధి అవతలికి కూడా కనిపిస్తుంది. వెర్నా ఎదుట వాడు ఒక్క నిమిషం నిలబడితే చాలు, మా గుట్టు రట్టయిపోతుంది.

"రహస్య భాష!" అన్నాడు డెల్బర్ట్, నా మెడ మీద కత్తి ఆపి.

"నీకొచ్చా?"

"నాకెందుకు? కార్న్‌ఫ్లేక్స్ డబ్బాలో వస్తుంది."

నిజంగానే వచ్చింది. గూఢచారి బిళ్ళ అని, డబ్బాలో పిల్లల కోసం వేసే రేకు బొమ్మ. రెండు చక్రాలు ఒకదాని మీద ఒకటి తిరుగుతాయి. ఒకదాని మీద అక్షరాలు, రెండోదాని మీద అంకెలు. తిప్పి పెడితే ప్రతి అక్షరానికీ ఒక అంకె. డెల్బర్ట్ దగ్గర ఒక బిళ్ళ ఉంది. రెండోది నేను సంపాదించాలి. ఏ డబ్బాలో ఏ బొమ్మ ఉంటుందో తెలియదు కాబట్టి వరసగా తినుకుంటూ పోయాను.

"ఓరిన్, నీకు కార్న్‌ఫ్లేక్స్ ఎప్పట్నుంచి ఇష్టం?" అంది వెర్నా.

"చిన్నప్పట్నుంచీ."

"నిన్న వాటిని గుర్రానికి పెట్టాలన్నావు."

"గుర్రాలు ఎంత ఆరోగ్యంగా ఉంటాయో చూశావా?"

ఆమె నా గిన్నెలో ఇంకో గరిటెడు పోసింది. "అయితే తిను. పరుగు పందేలకు పంపిస్తాను."

ప్లాస్టిక్ ఈల, బుల్లి జలాంతర్గామి, ఇంకో ఈల వచ్చాక చివరికి బిళ్ళ దొరికింది.

డెల్బర్ట్ షాపు అద్దాల కిటికీలో ఒక పలక ఉండేది. దానిమీద రోజుకో జోకు రాసేవాడు. జోకు మానేసి అంకెలు రాయడం మొదలుపెట్టాడు. నేను రంగు డబ్బాల వెనక నక్కి, బిళ్ళ తిప్పుకుంటూ చదువుకునేవాణ్ణి. మొదటి కబురు, "పరీక్ష బుధవారం." రెండోది, "గడ్డ పెరిగింది." ఆ రెండోది చదివి డబ్బాల వెనకే చాలాసేపు ఉండిపోయాను.

"ఏం చేస్తున్నావక్కడ?" అని కేకేసింది వెర్నా.

"తెలుపు ఎంతుందో చూస్తున్నాను!"

"ఎంతుంది?"

"చాలా ఉంది!" అన్నాను, ముక్కు తుడుచుకుంటూ.

ఆ సాయంత్రం నాకిష్టమని పెర్చ్ చేపలు వేయించింది. తను రెండు ముక్కలు కొరికి, మిగతావి నా పళ్ళెంలోకి తోసింది. "ఈ అల్సర్ పాడుగాను" అంది. "అవును, పాడు అల్సర్" అన్నాను. ఇద్దరం అల్సర్‌ను బాగా తిట్టుకుని పడుకున్నాం.

ఇక ఊరి సంగతి. డెల్బర్ట్ జోకులు ఒక్కరోజూ ఎవరూ చదవలేదు కానీ, అంకెలు పెట్టేసరికి అందరూ చదివారు. అప్పట్లో ఏ మూడంకెలు వస్తాయో పందెం కాసే నంబర్ల జూదం దొంగచాటుగా సాగేది. మంగలివాడికి లోపలి సమాచారం అందుతోందని పుకారు పుట్టింది. బేకరీ మిసెస్ ఊబ్లర్ పలక మీది మూడంకెల మీద కాసి, గెలిచి కూర్చుంది! అవి ఇంగ్లీషులో రాసిన "గడ్డ" అనే మాటలోని మూడు అక్షరాలని ఆ మహాతల్లికి తెలియదు. మర్నాటి నుంచీ షాపు ముందు జనం. జుట్టు లేనివాళ్ళు కూడా క్షవరానికి వచ్చారు.

ఆగస్టులో ఒక శుక్రవారం మధ్యాహ్నం పోలీసు చీఫ్ గ్రబ్ వచ్చాడు. షాపు నిండా జనమే. మా దుకాణంలోంచి అది చూసి నేను పరిగెత్తాను. నా వెనకాల, గల్లాపెట్టెకు తాళం వేసి, తాపీగా వెర్నా.

"ఈ అంకెలేమిటి, ఫుల్ట్జ్?" అన్నాడు గ్రబ్.

డెల్బర్ట్ నావైపు చూశాడు. నేను వెర్నావైపు చూశాను. చూడకుండా ఉండాల్సింది.

"సబ్బు నంబర్లండీ" అన్నాడు డెల్బర్ట్.

"సబ్బుకు నంబరేమిటయ్యా?"

"కొత్త సబ్బండీ."

"ఓరిన్, నువ్వు చెప్పు. నీ జేబులో ఏదో అంకెల రేకు బిళ్ళ ఉందట. మిసెస్ ఊబ్లర్ చూసిందట. ఈ పలకేం చెబుతోంది?"

ఆ పూట అంకెలు ఏం చెబుతున్నాయో నేనప్పటికే చదివేశాను. నోరు తెరిస్తే మా గుట్టు బయటపడుతుంది. మూసుకుంటే జైలు.

"జైలుకే పోదాం పదండి" అన్నాను. డెల్బర్ట్ కూడా రెండు చేతులూ ముందుకు చాపాడు. ఒక చేతిలో దువ్వెన ఉంది.

"చీఫ్ గారూ, వాళ్ళను వదిలేయండి" అంది వెర్నా. "ఇది జూదం కాదు. నేను చదువుతాను."

ఆమె పలక దగ్గరికి నడిచింది. కాగితం అడగలేదు, బిళ్ళ అడగలేదు. పిల్లలకు ఆల్జీబ్రా చెప్పేటప్పటి గొంతుతోనే, వేలు ఒక్కొక్క అంకె మీద జరుపుతూ చదివింది.

"మంగళవారం క్లీవ్‌లాండ్‌లో ఆపరేషన్. కాన్సర్ పాకి ఉండొచ్చు. వెర్నాకు తెలియకూడదు."

గ్రబ్ టోపీ తీశాడు. నురగ ముఖంతో కుర్చీలో ఉన్న పెద్దమనిషి కూడా తీయబోయి, నెత్తిన టోపీ లేదని గ్రహించి, చేతులు దించుకున్నాడు. మిసెస్ ఊబ్లర్ గోడవైపు తిరిగి ఏప్రాన్‌లో ముఖం దాచుకుంది.

"డెల్బర్ట్, 'కాన్సర్'లో ఒక అక్షరం తప్పు రాశావు" అంది వెర్నా. "నెల రోజులుగా అదే తప్పు."

డెల్బర్ట్ గాజు ముఖం పగిలింది. "క్షమించండి టీచర్ గారూ" అని చిన్నపిల్లాడిలా ఏడ్చేశాడు. ఆమె వాడి భుజం తట్టి, వాడి తువ్వాలే వాడి చేతికిచ్చి, వీధి దాటి ఇంటికొచ్చేసింది.

నేను వెళ్ళేసరికి వంటింట్లో కాఫీ కాస్తోంది.

"ఎప్పట్నుంచి తెలుసు?" అన్నాను.

"మొదటిరోజు నుంచీ. అన్నిటికంటే ఎక్కువసార్లు వచ్చే అంకె, మాటల్లో ఎక్కువగా వాడే అక్షరమే అయ్యుంటుంది. అది పట్టుకుంటే చాలు, మిగతావన్నీ దాని వెనకే వస్తాయి. అది పసిపిల్లల ఆట, ఓరిన్. డబ్బా మీదే రాసుంది, ఎనిమిదేళ్ళ లోపువారికి అని."

"మరి చెప్పలేదేం?"

"దాచడంలో నీకేదో ఊరట ఉందనుకున్నాను. డబ్బాల వెనక ఏడ్చుకునైనా తేలికపడుతున్నావు. అది కూడా లాక్కుంటే ఎలాగ?"

ఒకే బల్ల దగ్గర, ఒకే మాట, ఇద్దరం ఒకరి దగ్గర ఒకరం దాచుకుని వేసవంతా భోజనాలు చేశాం.

"వాషింగ్టన్‌లో నువ్వు పెన్సిళ్ళు చెక్కలేదు" అన్నాను.

"చెక్కాను. వాటితో ఏం రాశామో చెప్పనని ప్రమాణం చేశాను." కాఫీ నా ముందు పెట్టి కూర్చుంది. "ఒక్కటి చెబుతాను. దాన్ని మాత్రం చెప్పకుండా పోలేను."

ఆమె తమ్ముడు లైల్ అట్లాంటిక్‌లో సరుకుల ఓడ మీద పనిచేస్తూ పోయాడని నాకు తెలుసు. ఆ సంగతి ఆమెకు ఎలా తెలిసిందో తెలియదు.

"శత్రువుల జలాంతర్గామి ఒకటి వాళ్ళవాళ్ళకు పంపిన కబురు నా బల్ల మీదికి వచ్చింది. విప్పాను. ఫలానా ఓడను ముంచాం, ఎవరూ మిగల్లేదు అని. అది లైల్ ఓడ. పక్క పిల్ల 'ఏమైంది వెర్నా?' అంది. 'ఏం లేదు' అని తర్వాతి కాగితం అందుకున్నాను."

"ఆ వారమే సెలవు మీద ఇంటికొచ్చాను" అంది వెర్నా. "అమ్మ వాడికి స్వెట్టర్ అల్లుతోంది. చెప్పడానికి వీల్లేదు. చెబితే, వాళ్ళ కబుర్లు మేం చదువుతున్నామని బయటపడిపోతుంది, ఇంకెన్ని ఓడలు మునుగుతాయో. అమ్మ అంది, 'నీ చెయ్యీ వాడి చెయ్యీ ఒకటే పొడుగు. ఏదీ, చాపు.' చాపాను. చెయ్యి పొడుగునా ఆ ఉన్ని పెట్టి కొలుచుకుంది. 'ఇంకో రెండు వరసలు చాలు' అంది. 'చాలమ్మా' అన్నాను."

లైల్ పోయాడన్న టెలిగ్రాం ఎన్నో వారాలకు గానీ రాలేదట. అప్పటికి స్వెట్టర్ పోస్టులో వెళ్ళిపోయింది.

"తెలిసి కూడా తెలియనట్టు కూర్చుని అన్నం తినడం నాకొచ్చు. అది నీకు రావాలని నేనెప్పుడూ కోరుకోలేదు. నువ్వు ఆ కార్న్‌ఫ్లేక్స్ గిన్నె ముందు కూర్చుని నన్ను చూసే చూపు చూస్తే, అమ్మ ఎదుట చెయ్యి చాపిన నేనే కనిపిస్తున్నాను" అంది. "ఇక చాలు ఓరిన్. ఏదొచ్చినా నాకు చెప్పు."

సోమవారం తనే పెటిబోన్ దగ్గరికి నడిచింది. నేను వెనకాల.

"మీ అల్సర్ ఎలా ఉందమ్మా?" అన్నాడాయన, ముఖమంతా నవ్వుతో.

"పాకిందో లేదో మీరే చెప్పాలి" అంది వెర్నా.

ఆయన నావైపు చూశాడు. "అటు చూడకండి డాక్టర్. కడుపు నాది" అంది. పాపం, ఆయనకు ఆడమనిషికి ఆ మాట చెప్పడం బొత్తిగా అలవాటు లేదు. చెమటలు కక్కుతూ, నసుగుతూ చెప్పాడు. మధ్యలో ఆవిడే మంచినీళ్ళు అందించి, "పర్లేదు, నిదానంగా చెప్పండి" అంది. తట్టుకోలేకపోయింది ఆడవాళ్ళు కాదు.

వెర్నా మరుసటి ఏప్రిల్‌లో పోయింది. ఊరంతా వచ్చారు. పాత హోంవర్కు ఎగ్గొట్టినవాళ్ళు శవపేటిక మోయడానికి పోటీపడ్డారు. ఆ రోజు గురించి చెప్పలేను. ఆపరేషన్ రోజు గురించి చెబుతాను.

క్లీవ్‌లాండ్‌లో, సాయంత్రం ఎండ కారిడార్‌లో పడుతుండగా సర్జన్ బయటికొచ్చాడు. మాస్కు దించి, కొంచెమే తీయగలిగామన్నాడు. "ఆవిడకిప్పుడే చెప్పకండి. ధైర్యం చెప్పండి" అని నా చెయ్యి పట్టుకున్నాడు.

గదిలోకి వెళ్ళాను. మత్తు దిగి వెర్నా నాకోసమే చూస్తోంది. దారి పొడుగునా నాలుగైదు అబద్ధాలు కూర్చుకున్నాను. ఆమె ముఖం చూసేసరికి ఒక్కటీ నోటికి రాలేదు. మంచం పట్టీ మీద కూర్చుని, "అంతా తీయలేకపోయారు వెర్నా. పాకింది" అన్నాను.

ఆమె కళ్ళు మూసుకుంది. నా చెయ్యి వెతికి పట్టుకుంది.

"మొదటిసారి" అంది.

"ఏమిటి?"

"మొదటిసారి, ఇలాంటి కబురు నేను విప్పుకోకుండా ఒక మనిషి నోటితో విన్నాను." నా చెయ్యి ఇంకా గట్టిగా పట్టుకుంది. "లైల్ పోయినప్పుడు ఏడవలేదు తెలుసా? చదివినరోజు ఏడవకూడదు. టెలిగ్రాం వచ్చినరోజు అమ్మను పట్టుకోవాలి. ఇక కుదరనేలేదు."

"ఇప్పుడు కుదురుతుంది" అన్నాను.

ఆ మాటతో ఆమె ఏడ్చింది. పదిహేనేళ్ళ నాటి ఏడుపూ ఆ పూట ఏడుపూ కలిసి వచ్చాయి. నేను ఓదార్చబోయాను. నాకూ తన్నుకొచ్చింది. నా ఏడుపు పెద్దది, చప్పుడెక్కువ. ఆమె కుట్ల నొప్పితో మూలుగుతూనే నా వీపు నిమరడం మొదలుపెట్టింది. నేను మంచం మీదికి ఒరిగి, దిండు సగం లాక్కున్నాను.

నర్సు పరిగెత్తుకుంటూ వచ్చి, సూది పట్టుకుని గుమ్మంలోనే ఆగిపోయింది. మమ్మల్నిద్దర్నీ మార్చి మార్చి చూసింది.

"పేషెంటు మీ ఇద్దర్లో ఎవరండీ?" అంది.

వెర్నా వేలెత్తి నన్ను చూపించింది.