జరగని కథకు జరిగిన కథ

ఇందుమూలముగా తెలియజేయునది ఏమనగా, "నడిచే లైట్‌హౌస్" బొమ్మల ధారావాహిక మొదటి భాగం ఈ శుక్రవారం సాయంత్రం ప్రసారం కాదు. దానికి బదులుగా, మొదటి భాగంలో జరిగిన కథ ప్రసారమవుతుంది. ప్రేక్షకులు యథావిధిగా సహకరించగలరు.

పై ప్రకటన టోక్యోలో, నెరిమా వార్డులో ఉన్న మా స్టూడియో నుంచి నా చేతి మీదుగానే వెలువడింది. అందులో ఏదో తేడా ఉందని ఆ రోజు మాలో ఎవరికీ తోచలేదు. దేశానికి అసలే తోచలేదు. పేపర్ల వాళ్లు దాన్ని యథాతథంగా వేసుకుని, కింద వాతావరణ సూచన వేశారు.

మా వృత్తిలో ఒక సదాచారం ఉంది. ఏదైనా భాగం సమయానికి పూర్తికాకపోతే పాత భాగాల్లోంచి ముక్కలు ఏరి అతికించి, వెనకనుంచి ఒక గొంతుతో ఇంతవరకు జరిగిన కథ చెప్పించి ఆ వారం గండం గట్టెక్కిస్తాం. మామూలు స్టూడియోల్లో ఈ అవసరం ధారావాహిక సగంలో వస్తుంది. మా దర్శకుడు నాగురా గారు మహా ప్రతిభావంతుడు గనుక మాకు మొదటి భాగానికే వచ్చింది. మొదటి దృశ్యంలో సముద్రం మీద పొగమంచు ఉంటుంది. ఆ మంచునే ఆయన ఏడాదిగా గీయిస్తున్నారు. గీసి చూపించిన ప్రతిసారీ "ఇందులో తడి లేదు" అని తిప్పి పంపేవారు. ఈలోగా పాట రికార్డయిపోయింది. ఆటబొమ్మలు దుకాణాలకు చేరిపోయాయి. ధారావాహికకు ఖర్చు పెడుతున్న బియ్యపు బిస్కెట్ల కంపెనీ తన పొట్లాల మీద కథానాయిక మివా ముఖం అచ్చు వేయించేసింది. అన్నీ సిద్ధంగా ఉన్నాయి, కథ తప్ప.

అప్పుడు మా అధ్యక్షులు నిరసాకి గారికి కగయా మిత్సుహరు గారు గుర్తొచ్చారు.

కగయా గారు రచయిత. అయితే ఆయన జీవితంలో కథ రాయలేదు, జరిగిన కథలే రాశారు. ఎవరి ధారావాహికకు గండం వచ్చినా ఆయనకే కబురు వెళ్లేది. ఒకరు వండినదాన్ని వేడిచేసి వడ్డించడంలో దేశంలో ఆయనకు సాటి లేదు. మనిషికి ఒకే ఒక్క కోరిక ఉండేది. ఏదో ఒక కథకు మొదటి భాగం రాయాలి. అనగనగా అని తానే మొదలుపెట్టాలి. ఆ కోరికతో ఆయన జుట్టు నెరిసింది. ఆయన భార్య తొమొయె గారు మాత్రం ఈ విషయంలో ఆశ వదులుకున్నారు.

"ఈయనకి మొదలుపెట్టడం చేతకాదండీ," అని ఆవిడ మా అందరిముందూ అనేవారు. "పెళ్లిచూపులకి వచ్చి కూర్చున్నారా, నేనింకా నోరైనా విప్పలేదు. 'ఇంతవరకు మనం మాట్లాడుకున్నదేమిటంటే' అని అందుకున్నారు. పోనీలే పాపం, అంత శ్రద్ధగా విన్నాడు కదా అని చేసుకున్నాను."

అలాంటి కగయా గారిని నిరసాకి గారు పిలిపించి, తలుపు మూసి, స్వయంగా టీ పోశారు. అధ్యక్షుడు టీ పోశాడంటే ఎవరి మెడకో ఏదో చుట్టుకోబోతోందని మా స్టూడియోలో పిల్లికి కూడా తెలుసు.

"గురువుగారూ, కొంప మునిగింది. శుక్రవారానికి ఒక జరిగిన కథ రాసిపెట్టాలి మీరు."

"దానికేం భాగ్యమండీ. ఏం జరిగింది?"

"ఇంకా ఏమీ జరగలేదు."

"మరి నేనేం రాయను?"

"అది మీకు నేను చెప్పాలా? మీరు చేయి తిరిగినవారు. ఈ ఒక్కటి దాటించండి, అసలు మొదటి భాగం మీచేతే రాయిస్తాను. నిరసాకి మాటంటే మాటే."

కగయా గారి కళ్లలో నీళ్లు తిరిగాయి. మొదటి భాగం ఎప్పుడు అని అడగడం మరచిపోయారు.

మా దగ్గర అప్పటికి పూర్తయిన బొమ్మలు కొన్నే. లైట్‌హౌస్‌కు ఉన్న కాళ్లలో ఒక కాలు. నీటి మీద తేలుతున్న గొందో కెప్టెన్ టోపీ. పోస్టరు కోసం గీయించిన, వెక్కివెక్కి ఏడుస్తున్న మివా. మంచు మాత్రం కావలసినంత ఉంది. మొదటి భాగంలో ముసలి కెప్టెన్ గొందో చనిపోవాలి, నడిచే లైట్‌హౌస్ మనవరాలు మివా చేతికి రావాలి, అంతవరకే అనుకున్నాం. కగయా గారు ఆ టోపీ బొమ్మ మీద మివా గొంతు పెట్టారు. "తాతయ్యా, పోయేముందు నువ్వు చెప్పిన ఆఖరి మాట నేను మరచిపోలేదు." ఆ మాట ఏమిటో చెప్పలేదు. అది మొదటి భాగంలో రావలసిన విషయం, దాన్ని ఇక్కడే వాడేస్తే మొదటి భాగంలో తనకేం మిగులుతుందని ఆయన ఉద్దేశం.

శుక్రవారం ప్రసారమైంది. సోమవారానికి దేశమంతా కన్నీటిలో ఉంది.

మా దగ్గర గాలి చదవడం అని ఒక విద్య ఉంది. నలుగురు కూర్చున్నచోట గాలి ఎటు వీస్తోందో పసిగట్టి, ఎవరూ చెప్పకముందే అటు తల ఊపాలి. బడిలో చేరకముందే ఇది పట్టుబడుతుంది. జరిగిన కథ చూసిన ప్రతివాడూ, అసలు భాగం అందరూ చూసేశారని, తానొక్కడే చూడలేదని అనుకున్నాడు. అది ఎప్పుడు వచ్చిందని అడిగితే తన గుట్టు బయటపడుతుంది. కాబట్టి ఎవరూ అడగలేదు. ఆ సోమవారం రైల్లో నా పక్కన నిలబడ్డ ఇద్దరు ఉద్యోగస్తుల మాటలు ఇవి.

"గొందో తాత పోయిన సీన్ చూశాక మా ఇంట్లో ఎవరూ అన్నం ముట్టలేదండీ."

"మీరింకా నయం. మా మామగారైతే పొయ్యే వెలిగించనివ్వలేదు."

"అవునుగానీ, ఆ ఆఖరి మాట..."

"అబ్బ, ఊరుకోండి సార్! రైల్లో ఏడిపిస్తారా ఏంటి?"

ఇద్దరూ కళ్లు తుడుచుకుని చెరోవైపు కిటికీలోంచి చూశారు. నేనూ మర్యాదకు ముక్కు చీదాను.

రెండో వారానికీ నాగురా గారి మంచు ఇంకా తడవలేదు. రెండో భాగంలో జరిగిన కథ వేశాం. మూడోవారం మూడోది. ఈ ప్రకారంగా ఒక్క భాగం కూడా లేకుండా ధారావాహిక దిగ్విజయంగా పూర్తయింది. బడ్జెట్‌లో మిగులు కనిపించడం మా స్టూడియో చరిత్రలో అదే ప్రథమం. మొదట లెక్క తప్పనుకుని, తరువాత ఆశయమనుకున్నాం.

దేశం తన వంతు బాధ్యత నిర్వర్తించింది. గొందో కెప్టెన్ వర్ధంతికి అభిమానులు మా గేటు ముందు అగరొత్తులు వెలిగించి, ఆయనకు ఇష్టమని చెప్పి ఎండు చేపలు పెట్టి వెళ్లారు. ఆయనకు ఎండు చేపలు ఇష్టమని మాకూ అప్పుడే తెలిసింది. ఒక విమర్శకుడు మొదటి భాగంలోని నిశ్శబ్దం మీద దిండంత పుస్తకం రాశాడు. నిశ్శబ్దం గురించి ఆయన రాసినదాంట్లో ఒక్క తప్పు కూడా ఎవరూ పట్టలేకపోయారు. కెప్టెన్ ఎడమ పక్కకు పడ్డాడనేవారు ఒక సంఘంగా, కుడి పక్కకు పడ్డాడనేవారు ఒక సంఘంగా ఏర్పడి ఒకరి ఇంటి పిల్లను ఒకరు చేసుకోవడం మానేశారు. ఒక పెద్దమనిషి మొదటి భాగాన్ని టేపులో ఎక్కించి దాచానని, అయితే బావమరిది పట్టుకెళ్లి తిరిగి ఇవ్వలేదని టీవీలో వాపోయాడు. ఆ బావమరిదిని జనం వీధిలో నిలదీశారు. అతను భయపడి, పోయిందని ఒప్పుకున్నాడు.

ఇంత ఘనత సాధించిన కగయా గారిని నిర్మాతగా పైపదవికి ఎక్కించారు. కొత్త విజిటింగ్ కార్డు మీద రచయిత, నిర్మాత అని రెండూ ఉండేవి. మాలో నిర్మాత ముఖ్య విధి క్షమాపణ. తప్పు జరిగినప్పుడల్లా యోకాన్ మిఠాయి పెట్టె పట్టుకుని వెళ్లి వంగాలి. తప్పు ఎంత పెద్దదో పెట్టె అంత బరువు ఉండాలి. రెండో విధి, రాయకుండా దాక్కున్న రచయితను వెతికి పట్టుకోవడం. రచయిత ఎక్కడ దాక్కున్నాడో ముందే తెలిసిన నిర్మాత దేశంలో ఈయన ఒక్కరే.

నిర్మాత అయ్యాక ఆయన చేసిన మొట్టమొదటి పని, రచయిత కగయా గారికి మొదటి భాగం రాయమని ఉత్తరువు ఇవ్వడం. తరువాత ఇంటికి వెళ్లి రాయడం మొదలుపెట్టారు. నాగురా గారిని పెద్ద యోకాన్‌తో మంచు దగ్గరనుంచి లేవదీశారు. భాగం తయారైంది.

ఇక్కడ నేను వేళాకోళం పక్కనపెట్టి ఒక మాట చెప్పాలి. అది బాగుంది. నిజంగా బాగుంది. కడపటి దృశ్యంలో గొందో కెప్టెన్ గోడకు ఆనుకుని కూర్చుని ఉంటాడు. మివా వచ్చి చేయి పట్టుకుంటుంది. ఆయన ఏదో పెద్ద మాట చెప్పబోతున్నట్టు చూసి, "పొయ్యి మీద నీళ్లు పెట్టాను, చూసుకో తల్లీ," అంటాడు. అంతే. మివా పరుగెత్తివెళ్లి పొయ్యి కట్టేసి వచ్చేసరికి ఆయన ఉండడు. ఎడిటింగ్ గదిలో అది చూసి నేను ఏడ్చాను. ఈసారి మర్యాదకు కాదు.

ప్రసారమైన పది నిమిషాలకు ఫోన్లు మొదలయ్యాయి. మొదటిది నేనే ఎత్తాను. ఎవరో పెద్దావిడ.

"ఏమయ్యా, సిగ్గులేదూ మీకు? మేం చూడలేదనుకున్నారా? ఆ మహానుభావుడు పోతూపోతూ నీళ్ల గిన్నె గురించి మాట్లాడతాడా?"

"మరి ఏమన్నాడమ్మా?"

"ఏమన్నాడా! అది మీకు నేను చెప్పాలా? గుండె మీద చెయ్యేసుకుని నువ్వే చెప్పు, ఏమన్నాడో!"

గుండె మీద చేయి వేసుకున్నాను. లైన్ కట్ అయింది.

ఎడమ సంఘం, కుడి సంఘం చరిత్రలో మొదటిసారి చేతులు కలిపి మా గేటు ముందు కూర్చున్నాయి. బియ్యపు బిస్కెట్ల కంపెనీ నకిలీ భాగంతో తమకు సంబంధం లేదని ప్రకటించింది. నిరసాకి గారు పత్రికలవారిని పిలిచి, నడుము విరిగేలా వంగి, లేచి, ఇలా ఉపన్యసించారు.

"పెద్దలారా! యథార్థానికి విరుద్ధమైన మొదటి భాగాన్ని ప్రసారం చేసి ప్రజల జ్ఞాపకాలకు తీరని నష్టం కలిగించినందుకు సిగ్గుతో తల వంచుకుంటున్నాను. జాతి గుండెల్లో ఉన్నదాన్ని తెర మీద పెట్టాలనుకోవడం మా అహంకారం. సదరు నకిలీని ధ్వంసం చేశాం. అసలు మొదటి భాగం మా స్టూడియోలో ఇనప్పెట్టెలో సురక్షితంగా ఉంది. దాన్ని ఎన్నటికీ తెరవబోమని ఈ సందర్భంగా హామీ ఇస్తున్నాను!"

చప్పట్లు మిన్నుముట్టాయి. మరునాడే ఒక ఇనప్పెట్టె కొనుక్కొచ్చాం. ఆదివారాల్లో జనం వరుసకట్టి వచ్చి, మా దేశపు గుళ్ల ముందు కొట్టినట్టే దాని ముందు రెండుసార్లు చప్పట్లు కొట్టి, దణ్ణం పెట్టుకుని వెళుతున్నారు. పరీక్షలకు వెళ్లే పిల్లలకు మంచిదట.

ఆ సంవత్సరమే, అసలు మొదటి భాగం రాసినందుకుగాను కగయా గారికి జాతీయ పురస్కారం ప్రకటించారు. నకిలీ రాసింది ఎవరన్న ప్రశ్న రానివ్వకుండా మా అధ్యక్షులు చూసుకున్నారు. సభకు పూలగుత్తి మోయడానికి నేను వెళ్లాను. కగయా గారు వేదిక ఎక్కారు. ముఖం పాలిపోయి ఉంది. మైకు పట్టుకుని, "మొదటి భాగం నేను రాయలేదు," అన్నారు.

మైకును ఇంకా దగ్గరికి లాక్కున్నారు. "నేనే కాదు, ఎవరూ రాయలేదు. అసలు అలాంటిది లేదు. మీరు ఏడ్చింది ఒక టోపీని చూసి. నేను రాసింది ఒకే ఒక్కటి, దాన్ని మీరు తగలబెట్టించారు. నీళ్లు పొయ్యి మీద పెట్టానన్న మాట, అదే నాది. దయచేసి నమ్మండి."

మా దేశంలో ఎవరైనా పొగిడితే అబ్బే, నేనేం చేయలేదు అనడం కనీస మర్యాద. ఎంత గట్టిగా కాదంటే అంత పెద్దమనిషి. కాని పురస్కారం చేతిలో పెట్టుకుని, అసలు అది ఉందనే ఒప్పుకోనంత వినయం అంతకుముందు ఎవరూ ఎరగరు. ముందు వరుసలో ఒక ముసలాయన లేచి నిలబడి తల వంచాడు. తరువాత సభ అంతా లేచింది. కగయా గారు "నిజమండీ! ఒట్టు!" అని అరిచిన కొద్దీ జనం ఇంకా కిందికి వంగారు. నిర్వాహకుడు వెక్కుతూ మైకు అందుకుని, "చూశారా, ఇదీ సంస్కారం! ఈ కాలం కుర్రాళ్లు నేర్చుకోవాలి!" అన్నాడు. సభాధ్యక్షుల వారు అక్కడికక్కడే పురస్కారం మొత్తాన్ని రెట్టింపు చేశారు.

తిరుగు ప్రయాణంలో టాక్సీ ముందు సీట్లో పూలగుత్తితో నేను, వెనక ఆ దంపతులు. కగయా గారు ఆవిడ వైపు తిరిగి అన్నారు.

"పోనీ నువ్వయినా నమ్ముతావు కదా. ఆ రోజుల్లో నేను రాత్రింబవళ్లు నీ ఎదురుగానే కూర్చున్నాను. మొదటి భాగం రాశానా?"

"చాల్లెండి," అన్నారు తొమొయె గారు. "సభలో అంటే మర్యాద కోసం అన్నారు. ఇంట్లోవాళ్ల దగ్గర కూడానా? తాతయ్య ఆ మాట అన్నప్పుడు మీరు నా చెయ్యి ఎంత గట్టిగా పట్టుకున్నారని! మర్చిపోయారా?"

ఆయన కిటికీలోంచి బయటికి చూశారు. పెళ్లయినప్పటినుంచి ఆవిడ చేయి పట్టుకున్న సందర్భాలు ఆయన జీవితంలో ఎక్కువగా ఉన్నట్టు లేవు.

"ఏ చెయ్యి?" అన్నారు మెల్లగా.

"కుడి చెయ్యి."

టాక్సీ ఒక సిగ్నల్ దగ్గర ఆగి, మళ్లీ కదిలింది.

"అవును," అన్నారు కగయా గారు. "కుడి చెయ్యే."

ఆ తరువాత ఆయన మొదటి భాగం రాయాలన్న మాట ఎత్తలేదు. ఇప్పుడు దేశంలోకెల్లా పెద్ద నిర్మాత. రాయని కథల మీద యువ రచయితలకు పాఠాలు చెబుతున్నారు. ఆరోగ్యం బాగుంది.

ఆ రోజుల్లో స్టూడియోలోనే ఉన్నవాణ్ణి గనుక సాధికారంగా చెబుతున్నాను. అలాంటి మొదటి భాగం ఇంతవరకు ఎవరూ తీయలేదు, ఇకముందు తీయబోరు. పాఠకులలో ఎవరైనా తాము దాన్ని చూడలేదని అనదలిస్తే నిరభ్యంతరంగా అనవచ్చు. మీ వినయం మాకు తెలియనిది కాదు.