మౌనం అర్ధాంగీకారం, అందుకే అర్ధ క్షవరం

ఆఫీసులు ఆలస్యం చేస్తున్నాయని ఏడ్చేవాళ్లను చూస్తే నాకు జాలేస్తుంది. ‘ఆలస్యం అమృతం విషం’ అన్నారు పెద్దలు. మొదటి రెండు మాటల దగ్గర ఆగిపోతే ఎంత హాయిగా ఉంటుందో ఎవరైనా ఆలోచించారా?

మా కోడలు మేడ కింది గదిలో సెలూన్ పెడదామనుకుంది. దానిది ఎంత తేలిక చెయ్యంటే, చెవి పక్కన కత్తెర ఆడుతుంటే కునుకు పడుతుంది. ఉన్న ఉద్యోగం మానేసి, తిరిగే కుర్చీ, నిలువుటద్దం కొని, లైసెన్సుకి మున్సిపాలిటీలో దరఖాస్తు పెట్టింది.

ఆ తర్వాత ఏం సుఖమండీ! తిరిగే కుర్చీలో కూర్చుని నేను బఠాణీలు ఒలుచుకున్నాను. మా ఆయన అద్దం ముందు నిలబడి నాతో దెబ్బలాటకి రిహార్సల్స్ వేసుకున్నారు. లైసెన్సు వచ్చేస్తే ఈ భోగం ఉండేదా?

కోడలు ఎప్పుడు వెళ్లినా గుమాస్తా తలెత్తకుండా, "పరిశీలనలో ఉందమ్మా" అనేవాడు. కాదన్నాడా? లేదు. ఔనన్నాడా? అదీ లేదు. మౌనం అర్ధాంగీకారమే కదా! ఇంట్లో నేనే తీర్పు చెప్పేశాను.

"సగం ఒప్పుకున్నట్టేగా, సగం తెరిచెయ్యవే!"

"సగం ఎలా తెరుస్తారత్తయ్యా?"

"షట్టర్ సగం ఎత్తు. తల సగం కత్తిరించు. మిగతాది లైసెన్సు వచ్చాక!"

మొదటి బేరం పక్కింటి డ్రాయింగ్ మాస్టారు. షట్టర్ కింద నుంచి వంగి వచ్చి కూర్చున్నారు. ఆయన కుడివైపు పూర్తయిందో లేదో, షట్టర్ కింద బూట్లు కనిపించాయి. ఇన్‌స్పెక్టర్! దరఖాస్తు చూడ్డానికి ఏడాదిగా తీరికలేని ఆఫీసుకి, షట్టర్ చూడ్డానికి గంటలో తీరిక దొరికింది. అందరినీ బయటికి పంపి సీలు వేసేశాడు.

"బాబూ, మరి నా ఎడమవైపు?" అన్నారు మాస్టారు.

"లైసెన్సు లేకుండా ఒక్క వెంట్రుక తెగడానికి వీల్లేదు!"

ఇక కోర్టుకే పోయాం. మాస్టారిని చూడగానే వకీలు కుర్చీలోంచి లేచిపోయాడు.

"మామ్మగారూ, ఇంత మంచి సాక్ష్యం నా సర్వీసులో చూడలేదు! మాస్టారూ, తీర్పు వచ్చేదాకా ఆ తల ముట్టుకోకండి."

"అప్పటిదాకా బళ్లో పాఠం ఎలా చెప్పనయ్యా?"

"పక్కకి తిరిగి చెప్పండి. బొమ్మలు గీసేవారికి ఆ భంగిమ కొత్తా?"

వాయిదా మీద వాయిదా. కుడివైపు మళ్లీ మొలిచేసి సాక్ష్యం మాసిపోతోందని వకీలుకి ఒకటే బెంగ. చివరికి జడ్జిగారు మాస్టారిని అటూ ఇటూ తిప్పి చూసి, దరఖాస్తు సంగతి నెల్లోగా తేల్చమని ఆఫీసుకి ఆర్డరేశారు.

"అంటే లైసెన్సు వచ్చేసినట్టేనా?" కోడలి మొహం వెలిగిపోయింది.

"తేల్చమన్నారమ్మా. ఇమ్మనలేదు," అన్నాడు వకీలు.

ఆఫీసు తేల్చింది. గడువు ఆఖరి రోజు సాయంత్రం లైసెన్సు ఇవ్వం పొమ్మంది. కారణం? దుకాణం చాలాకాలంగా మూసి ఉందట! మూసిందెవరండీ?

వకీలు ఎగిరి గంతేశాడు. "ఇన్నాళ్లూ కోర్టులో సవాలు చెయ్యడానికి వాళ్ల నిర్ణయమంటూ లేదు మామ్మగారూ! ఇప్పుడు దొరికింది. కొత్త కేసేద్దాం!"

కోడలు మాత్రం గంతెయ్యలేదు. మానేసిన ఉద్యోగంలోకి మళ్లీ తీసుకుంటారేమోనని ఫోన్ చేస్తోంది.

చూశారా ఆలస్యం మహిమ? తేల్చనన్నాళ్లూ ఆ పిల్ల అద్దం తుడుచుకుంటూ కూనిరాగాలు తీసేది. కోర్టు చేసిన మేలు నేను మరిచిపోనండోయ్. ఆఫీసు చేత నోరు తెరిపించింది. కాకపోతే, తెరిచిన నోట్లోంచి న్యాయమైన మాట రప్పించే కోర్టు ఇంకోటి కావాలి. మా వీధినిండా తలలున్నాయి, మా కోడలి దగ్గర కత్తెరుంది. ఈ రెంటినీ కలిపే జడ్జిగారు ఎవరైనా తెలిస్తే ఇవాళే చెప్పండి. ‘పరిశీలిస్తాం’ అన్నారంటే మాత్రం ఊరుకోను!